పెంటకుప్ప మీది బిడ్డ, కానో నుంచి వచ్చిన ఆదయ్య

మీ ఇంట్లో పెంటయ్య అనే పేరు ఎవరికైనా ఉందా? తాతకో, మేనమామకో, ఊళ్లోనే ఉండిపోయిన పెద్దబాపుకో? ఉంటే, ఆ పేరు ఎందుకు పెట్టారో మీ పిల్లలకు ఎప్పుడైనా చెప్పారా, లేక పెళ్లికార్డు మీద దాన్ని ఒక్క అక్షరానికి కుదించి దాచేశారా? మా బాపు పేరు పెంటయ్య. ఆయనకు ముందు పుట్టినవాళ్లు పుట్టినట్టే పోయారట. అందుకని మా అవ్వ ఆయనను కనగానే చాటలో వేసి పెంటకుప్ప మీద పెట్టించింది. దారిన పోతున్నట్టు నటిస్తూ వచ్చిన ఒక పరాయి మనిషి ఎత్తుకుని, 'ఎవలో పారేసిన పిల్లగాడు దొరికిండు, కొంటవా?' అని వాకిట్లో నిలబడి అడిగితే, దోసెడు తవుడు ఇచ్చి కన్నకొడుకునే కొనుక్కుంది. ఎవరికీ అక్కరలేని పిల్ల మీద చావుకు కూడా ఆశ ఉండదని ఆ తల్లుల నమ్మకం. డిగ్రీలో చేరిన మొదటి రోజు తండ్రి పేరు చదివి ఒక సారు నవ్వితే, లేచి నిలబడి ఈ కథంతా తరగతికి చెప్పాను. ఆయన నవ్వు ఆగింది. కాలేజీ చర్చల్లో నన్ను మాట్లాడమని ముందుకు తోయడం ఆ రోజు నుంచే మొదలైంది.

మొన్న ఎండాకాలంలో అవ్వ పోయింది. దినాలు అయిపోయాక ఆమె రేకుపెట్టె తెరిచాం. పాత చీరలు, తమలపాకుల సంచి, పెళ్లినాడు పుట్టిల్లు కోస్గి నుంచి తెచ్చుకున్న ఇత్తడి చెంబు, అన్నిటి కింద సొరకాయ బుర్రను నిలువునా కోసి ఎండబెట్టి చేసిన ఒక గంటె. దాని వీపు మీద కాల్చిన ఇనుముతో గీసిన చారలు, గళ్లు. మా చిన్నమ్మ దాన్ని రెండు వేళ్లతో పట్టుకుని, "ఇదేందే, పారెయ్యాల్నా?" అంది. నాకు ఒళ్లు మండింది. ఆ గంటె కానో నుంచి వచ్చింది. ఆఫ్రికా ఖండంలో, నైజీరియా దేశపు ఉత్తర భాగంలో, హౌసా ప్రజల పాత పట్నం కానో. దాన్ని మా ఇంటికి తెచ్చినవాడికి మా వాడకట్టు ఏం చేసిందో ఇన్నేళ్లలో ఎవరూ నోరు తెరిచి చెప్పలేదు. పెళ్లిళ్లలో కలుస్తారు, చావుల్లో కలుస్తారు, ఓట్లప్పుడు కలుస్తారు, ఆ ముచ్చట మాత్రం ఎత్తరు. అందుకే నేను ఎత్తుతున్నాను.

మాది నేత ఇల్లు. నల్గొండ పట్నం చివర, పొలాలు మొదలయ్యే చోట ఉండేది. కింద ముందరి గదిలో బాపు మగ్గం, వెనక రంగులు కాచే పొయ్యి, పైన ఒకే ఒక్క గది. తెలంగాణ రాష్ట్రం వచ్చిన కొత్తలు అవి. ఇంట్లో ఎప్పుడూ గంజి వాసన, తడి నూలు వాసన, ప్యాకెట్ రంగుల ఘాటు. అవ్వకు ఆ ఘాటు అసలు గిట్టేది కాదు. వాళ్ల మామ కాలంలో నీలిమందు కుండలు ఉండేవని, చావు ఇంటికి పోయి వచ్చినవాళ్లను వాటి దరిదాపులకు రానిచ్చేవారు కాదని రోజూ చెప్పేది. పొద్దున్నే లేచి వాకిలి ఊడ్చి, రాత్రి పులియబెట్టిన అంబలిలో ఉల్లిగడ్డ నంజుకుని తాగి, ఆకు వక్క వేసుకుని మగ్గం పక్కన గోడకు ఆనుకుని కూర్చునేది. అక్కడి నుంచి వీధిలో పోయే ప్రతి మనిషినీ పలకరించేది. పలకరింపు లేకుండా ఆమె వాకిలి ముందు నుంచి కుక్క కూడా దాటలేదని బాపు ఎక్కిరించేవాడు.

అట్లాంటి వాకిట్లోకి ఒక సాయంత్రం దన్‌లాది వచ్చాడు. ఊరి బయటి ఫార్మసీ కాలేజీలో చదువుకోవడానికి వచ్చిన పిల్లవాడు. మా కంటే ముందు ఎన్ని ఇళ్ల తలుపులు కొట్టాడో. బయట 'కిరాయికి ఇవ్వబడును' అని అట్ట వేలాడుతూనే ఉండేదట, అతని మొహం చూడగానే గది అప్పుడే పోయిందనేవారట. బాపు మగ్గం మీద నుంచి లేవకుండానే, "పైన జాగా ఉంది, చూస్కో" అన్నాడు. అతను హైదరాబాదులో కొన్ని నెలలు ఉండి ఉర్దూ నేర్చుకున్నాడు. తెలుగు అప్పుడప్పుడే వస్తోంది. గది చూడడానికి పోకుండా ముందు అవ్వ ఎదుట గొంతుకూర్చుని తల వంచాడు. వాళ్ల దగ్గర పెద్దవాళ్లను నిలబడి పలకరించరట. రాత్రి నిద్ర పట్టిందా, ఇంట్లో అందరూ బాగున్నారా, పని ఎట్లా ఉంది, అలసట ఎట్లా ఉంది అని ఒకదాని వెంట ఒకటి అడిగాడు. హౌసా పలకరింపు అంత పొడుగ్గా ఉంటుందని తర్వాత తెలిసింది. తన జీవితంలో మొదటిసారి తనకంటే ఎక్కువ పలకరించే మనిషి దొరికాడని అవ్వ మురిసిపోయింది.

"నీ పేరేంది కొడుకా?"

"దన్‌లాది. ఆదివారం పుట్టిన. మా దగ్గర గట్ల పేరు పెడతరు."

"అగో! మా దిక్కు సోమవారం పుడితే సోమయ్య, మంగళారం పుడితే మంగమ్మ. నువ్వు ఆదయ్యవన్నట్టు."

"మా దగ్గర అవ్వను కాకా అంటరు. మిమ్ముల్ని కాకా అనాల్నా?"

"నేనేమన్న మీ నాయిన తమ్మున్నా, కాకా అనడానికి? అవ్వా అను, సక్కగ!"

ఆ నాటి నుంచి అతను మా ఇంట్లో ఆదయ్యే.

సాయంత్రాలు మెట్ల మీద కూర్చుని మేమిద్దరం వాదించుకునేవాళ్లం. నేను దేవుడు లేడనేదాన్ని. అతను ఐదు పూటలా నమాజు చేసేవాడు. ఇద్దరం ఒకరినొకరు మార్చలేకపోయాం, ఇద్దరికీ దాని మీద కోపం రాలేదు. ఆ మెట్ల మీదే నాకు ఒక నాగరికత పరిచయమైంది. మట్టితో కట్టిన ఎత్తైన కోటగోడల లోపల వందల ఏళ్లుగా నడుస్తున్న కానో సంత. ఎడారి దాటి ఒంటెల మీద పోయిన నీలి బట్ట. నేలలో బావుల్లా తవ్విన నీలిమందు గుంటలు, వాటి పక్కన కూర్చుని తరతరాలుగా అద్దకం చేసే మగవాళ్లు, అద్దిన బట్టను కొయ్య సుత్తులతో కొట్టి కొట్టి అద్దంలా మెరిపించే పనితనం. మొగవాళ్లు నేసే సన్నని పట్టీల మగ్గం వేరట, ఆడవాళ్లు ఇంట్లో నేసే వెడల్పు మగ్గం వేరట. ఇది వినగానే బాపు పడుగు వదిలేసి మెట్ల దగ్గరికి వచ్చి, పట్టీలను ఎట్లా అతుకుతారో చేతులతో చేసి చూపించమన్నాడు. అరబ్బీ అక్షరాలతో తమ భాషను రాసుకున్నారని, ఒక పండితుడు పాత రాజులను కూలదోసి కొత్త రాజ్యం కట్టాడని, తర్వాత తెల్లవాళ్లు వచ్చి వాళ్ల రాజులైన ఎమీర్లను గద్దెల మీదే ఉంచి పెత్తనం తాము చేశారని చెప్పాడు. "మా నిజాం లెక్కనే" అన్నాను. "దునియా మొత్తం ఒకటే మోసం" అన్నాడు. దునియా అనే మాట వాళ్ల భాషలోనూ ఉంది, మా అవ్వ నోట్లోనూ ఉంది. రెండు చోట్లకూ అరబ్బీ నుంచి నడిచి వచ్చిన మాట అది.

నేను చదివిన పుస్తకాల్లో ఆఫ్రికా అంటే ఒక పటం, ఒక అడవి, ఒక బానిసల ఓడ. అంతే. బట్ట నేసే ఇంట్లో పుట్టిన పిల్లకు, లోకంలోని గొప్ప అద్దకం పట్నాల్లో ఒకదాని పేరు కూడా ఎవరూ చెప్పలేదు. మనకు ఇంగ్లండు రాణుల పేర్లు కంఠతా వచ్చు. ఇది పొరపాటున జరిగింది కాదు. ఎవరిని మనుషులుగా చూడాలో, ఎవరిని చూడకూడదో బడిలోనే నేర్పి పంపుతారు. వీధిలో జరిగేది దాని పరీక్ష మాత్రమే.

అవ్వకు ఈ చరిత్ర కంటే తిండి ముచ్చట నచ్చింది. వాళ్లు సజ్జపిండిని అల్లం, మిరియాలతో ఉండలు చేసి ఉడికించి, పులిసిన పాలలో చిదిపి తాగుతారట. దాన్ని ఫురా అంటారు. అవ్వ కోస్గి దిక్కు మెట్ట పొలాల్లో సజ్జలు తిని పెరిగిన మనిషి. పుట్టింటికి కబురు పెట్టి సజ్జలు తెప్పించింది. అతను వండాడు, ఆమె పక్కన నిలబడి తప్పులు పట్టింది. గిన్నెలోంచి గిన్నెలోకి దాన్ని పోయడానికి తన పెట్టెలోంచి ఆ సొరబుర్ర గంటె తీశాడు. తాగి, "మా అంబలికి చెల్లెలే ఇది, జర ఎక్కువ సోకు చేసుకుంది" అని తీర్పు చెప్పింది అవ్వ. గంటె ఆమెకే ఇచ్చేశాడు.

ఫురా తాగుతూనే అవ్వకు తన జాతి పుట్టుక కథ చెప్పాడు. దౌరా అనే ఊరికి దూరదేశం నుంచి ఒక పరాయివాడు వచ్చి ఒక ముసలామె ఇంట్లో రాత్రికి దిగి నీళ్లడిగాడు. బావిలో పాము ఉంది, శుక్రవారం తప్ప నీళ్లు తోడనివ్వదు అందామె. అతను పోయి పామును చంపాడు. ఆ ఊరి రాణి అతన్ని పెళ్లాడింది. వాళ్ల సంతతే ఏడు హౌసా రాజ్యాలు. "పాములు నీళ్లను ఎట్లా ఆపుతాయి?" అని నేను తగువుకు దిగాను. అతను నవ్వాడు. "అక్కా, పామును ఇడిసిపెట్టు. ముసలామెను చూడు. ఎవలో తెల్వదు, అయినా ఇంట్ల పండనిచ్చింది. మా భాషల చుట్టానికి, పరాయోనికి ఒకటే మాట. బాకో."

బాపు పేరు వెనక కథ అతను ఒక రోజు విన్నాడు. విని అన్నాడు, "మా నానమ్మ పేరు అజూజీ. అంటే పెంటకుప్ప మీద అని. ఆమెకు ముందు పుట్టినోళ్లు బతకలే. కుప్ప మీద పెట్టిన్రు, పక్కింటామె ఎత్తుకొచ్చింది." ఎడారి అంచున ఒక తల్లి, నల్గొండ రాళ్ల నేల మీద ఒక తల్లి, ఒకరి మొహం ఒకరు ఎరగరు. చచ్చిపోతున్న పిల్లల ముందు ఇద్దరూ ఒకే పిచ్చిపని చేశారు. మందు లేని చోట మనిషి ఏం చేస్తుందో అదే చేశారు.  బాపు లేచి వచ్చి అతని భుజం మీద చెయ్యి వేసి మళ్లీ మగ్గం దగ్గరికి పోయాడు.

ఆ తర్వాతి ఎండాకాలం ఫోన్లలో పుకారు పుట్టింది. అప్పటికి అందరి చేతుల్లోకీ పెద్ద ఫోన్లు వచ్చాయి. పిల్లలను ఎత్తుకుపోయే ముఠాలు తిరుగుతున్నాయట. గుండెలు, మూత్రపిండాలు కోసి అమ్ముకుంటున్నారట. ఎక్కడివో బొమ్మలు, ఎవరివో గొంతులు. అవ్వ ఆదయ్యను చీకటి పడ్డాక బయట తిరగొద్దంది. అదే నెలలో పక్కింటి లచ్చవ్వ కోడలు రేణుకకు కొడుకు పుట్టాడు. అంతకుముందు పుట్టిన ఇద్దరూ బతకలేదు. నెలలు నిండకముందే పుట్టారు, రేణుక ఒంట్లో రక్తం లేదు. ఈసారి నేను వెంటబడి నెలనెలా దవాఖానకు తీసుకుపోయాను. బిడ్డ బరువుగా, గట్టిగా పుట్టాడు. అయినా లచ్చవ్వ గుండె నిలవలేదు. కుప్ప మీది నుంచి చుట్టాలు ఎత్తుకున్న ఆ ఇద్దరు పిల్లలూ నిలవలేదు కాబట్టి ఈసారి ఏ వాడకూ, ఏ కులానికీ చెందనివాడు ఎత్తుకోవాలని పట్టుబట్టి, మా ఇంటికి వచ్చి ఆదయ్యను అడిగింది.

నేను ఊరుకోలేదు. "లచ్చత్తా, బతికించింది దవాఖాన. కుప్ప మీద పెడితే ధనుర్వాతం వస్తది" అని అరిచాను.

"నీ సదువు నీ దగ్గర పెట్టుకో బిడ్డా. ఇద్దరిని మట్టిల పెట్టింది నేను, నువ్వు కాదు" అంది లచ్చవ్వ.

ఆదయ్య మధ్యలోకి వచ్చాడు. కుప్ప మీద తాటాకు చాప, దాని మీద కొత్త చాట, చాటలో ఉతికిన బట్ట ఉండాలన్నాడు. బొడ్డు కప్పి ఉంచాలన్నాడు. "మా ముల్లాలు గూడ ఇది తప్పంటరు. ముసలోళ్లు వినరు. నానమ్మ కోసం ఎత్తుకుంట" అన్నాడు నాతో. తెల్లవారి మోచేతుల దాకా సబ్బుతో కడుక్కుని పోయాడు.

నేను మేడ మీది నుంచి చూస్తూనే ఉన్నాను. లచ్చవ్వ ఇంటి వెనక బర్రెల కొట్టం, దాని అవతల కుప్ప. ఆదయ్య వంగి బిడ్డను ఎత్తుకుని గుండెకు హత్తుకున్నాడు. అప్పుడే పాలకోసం వచ్చిన ఒకడు బండి ఆపి కేక పెట్టాడు. "ఏయ్! నల్లోడు పిల్లను ఎత్తుకపోతాండ్రో!" అంతే. ఇళ్లలోంచి, ఛాయ్ దుకాణం ముందు నుంచి జనం ఉరికి వచ్చారు. నేను మెట్లు దిగి అక్కడికి చేరేలోపల చుట్టూ మూగేశారు. లచ్చవ్వ వాకిట్లో తవుడు పట్టుకుని నిలబడి ఉంది. ఒకడు ఆమెనే అడిగాడు, "గీ పిల్లగాడు ఎవలోడు? మీ మనుమడా?"

ఆ తంతులో ఇంటివాళ్లు చెప్పవలసిన మాట ఒకటి ఉంది. 'మా పిల్ల కాదు, ఎవలో పారేసిన్రు.' ఆ మాట అనకపోతే బిడ్డ నిలవదని నమ్మకం.  "మాది కాదు" అంది లచ్చవ్వ.

పక్కనే ఉన్న కొడుకు శ్రీశైలం, ఆ బిడ్డ తండ్రి, తల దించుకున్నాడు. 

దెబ్బలు మొదలయ్యాయి. ఆదయ్య చేతులు అడ్డం పెట్టుకోలేదు, చేతుల్లో బిడ్డ ఉంది. మోకాళ్ల మీద కూలబడి, బిడ్డ మీద గూడులా వంగి, వీపు అప్పగించాడు. బాపు మధ్యలో దూరి ఆపబోతే ఆయననూ నెట్టేశారు. "ఆళ్లు ఎత్తుకొమ్మంటెనే ఎత్తుకుండు" అని నేను అరుస్తున్నాను. "ఇంటోళ్లే కాదంటున్నరు, నీకేం ఎర్క!" అన్నారు. అవ్వ కర్ర పట్టుకుని లచ్చవ్వ ముందుకు పోయింది. "లచ్చీ, చెప్పవే! మనిషి సస్తున్నడే!" లచ్చవ్వ కళ్లు మూసుకుంది.

అప్పుడు తలుపు తీసుకుని రేణుక వచ్చింది. బాలింత. గోడ పట్టుకుని నడిచింది. ఆమె కూడా అత్తలాగే నమ్మిన మనిషి. కాదంటేనే కొడుకు బతుకుతాడు, అవునంటే పోతాడు అని నిండుగా నమ్మిన మనిషి. అది తెలిసే జనం మధ్యకు వచ్చి అరిచింది. "నా కొడుకు! నేను కన్న కొడుకు! నేనే ఇచ్చిన! ఆయన్ని ఇడువుండ్రి!" ఆదయ్య చేతుల్లోంచి బిడ్డను తీసుకుని, రవిక తప్పించి, అంత మంది ముందు నేల మీద కూర్చుని పాలిచ్చింది. బిడ్డ తాగాడు. ఒక్కొక్కరే వెనక్కి జరిగారు. పోలీసు జీపు వచ్చేసరికి వీధి ఖాళీ. కొట్టినవాళ్లంతా ఎవరి అంబలి వాళ్లు తాగడానికి పోయారు.

ఒక్కడు కూడా మా గడప తొక్కి తప్పయిందని అనలేదు. వచ్చినవాళ్లు లేకపోలేదు. వారం తిరగకముందే వాడకట్టు పెద్దమనుషులు వచ్చి బాపుతో, "మంచోడే కావచ్చు పెంటయ్యా, కానీ లొల్లి ఎందుకు? ఖాళీ చేపియ్యి" అన్నారు. వీపు చీలిన మనిషిది లొల్లి, చీల్చినవాళ్లది మర్యాద! బాపు చేపించనన్నాడు. ఆదయ్యే సామాను సర్దుకున్నాడు. మీకు నూలు ఇచ్చేవాళ్లు, బట్ట కొనేవాళ్లు ఈ ఊరివాళ్లే కదా బాపూ అన్నాడు. పోయే రోజు మళ్లీ అవ్వ ముందు గొంతుకూర్చుని నిద్ర, ఇల్లు, పని, అలసట అన్నీ అడిగాడు. అవ్వ అతని తల నిమిరింది. హైదరాబాదులో చదువు ముగించి దేశం వెళ్లిపోయాడు.

ఇప్పుడు ఆ ఇల్లు స్లాబు వేసుకుంది, మగ్గం అటకెక్కింది, అంబలి కాచేవాళ్లు లేరు. కుప్ప ఉన్నచోట కార్లు ఆగుతున్నాయి. పిల్లలను కుప్ప మీద పెట్టేవాళ్లు ఎవరూ లేరు, సంతోషం. రేణుక కొడుకు బడికి పోతున్నాడు, నోరు తెరిస్తే మూయడు. అవునని అరిచినా బతికాడు. అదొక్కటే ఆ వాడకట్టులో నెగ్గిన వాదన, దాన్ని గెలిచింది నేను కాదు, రేణుక. కానీ మొన్న పొద్దున వాడకట్టు గ్రూపులోకి ఒక మెసేజ్ వచ్చింది. ఆఫ్రికావాళ్ల ముఠా జిల్లాలో దిగిందట, పిల్లలు జాగ్రత్త అట, అందరికీ పంపాలట. పంపినవాడు శ్రీశైలం.

నేను నేరుగా అతని ఇంటికి పోయాను. "అన్నా, నీ కొడుకును కడుపుల దాచుకుని దెబ్బలు తిన్నది ఎవలు?"

"అది వేరే ముచ్చట చెల్లె. మన ఆదయ్య దేవునసొంటోడు. గీళ్లు వేరే."

"గీళ్లను నువ్వు చూసినవా?"

"చూడలే. అయినా పంపితే ఏం పోతది? జాగర్త కోసమే."

పంపితే ఏం పోతుందో ఆయన కళ్లారా చూశాడు. చూసి తల దించుకున్నాడు, ఇప్పుడు అదే తల ఫోన్‌లోకి దించాడు. మా అవ్వల మూఢనమ్మకాన్ని నేను వెనకేసుకు రాను. మాది కాదన్న లచ్చవ్వ మాట ఒక మనిషిని దాదాపు చంపింది. కానీ అది బిడ్డలను మట్టిలో పెట్టిన దుఃఖంలోంచి వచ్చింది, కనీసం ఒక పరాయివాణ్ణి పిలిచి అతని చేతుల్లో బిడ్డను పెట్టింది. మనది చదువుకున్నవాళ్ల మూఢనమ్మకం. ఏ దుఃఖమూ లేదు, ఖర్చూ లేదు. బొటనవేలు కదిపితే చాలు, ముక్కూమొహం తెలియని మనిషికి మరణశిక్ష వేసి అన్నం తినడానికి లేస్తాం. పైగా మనకు తెలిసిన ఒక్క నల్లవాణ్ణి దేవుణ్ణి చేసి, తెలియని వాళ్లందరినీ రాక్షసుల్లో కలుపుతాం. అతను దేవుడు కాదు. ఫార్మసీ చదివే పిల్లవాడు. మిగతావాళ్లూ అంతే.

దయచేసి ఇది చదివి నిట్టూర్చి పక్కన పెట్టకండి. మీ వాడకట్టు గ్రూపులో, మీ చుట్టాల గ్రూపులో అట్లాంటి మెసేజ్ ఒకటి ఇప్పటికే ఉంటుంది. వెతకండి. పంపినవాణ్ణి పేరు పెట్టి, అందరికీ కనబడేట్టు అడగండి: పోయింది ఎవరి బిడ్డ? ఏ ఊళ్లో? నువ్వు చూశావా? జవాబు రాకపోతే లేచి అతని ఇంటికి నడవండి, తలుపు కొట్టి మొహం మీద అడగండి. అతను మీ బావమరిది అయినా సరే, మీకు జీతమిచ్చే మనిషి అయినా సరే. రేపు చూద్దాం అనకండి. ఇప్పుడే లేవండి.